ఐదవ నడక

తరగతిలో ఒక్క క్షణమైనను కుదురుగా కూర్చుండని పిల్లవానిని చూచి పంతులుగారు "వీడు పాదరసమురా" అందురు. కామారెడ్డిలోనైనను, ఎల్లారెడ్డిలోనైనను, తెలుగు మాటాడు మరి యే ఊరిలోనైనను ఆ మాటకు అర్థము చెప్పనక్కరలేదు. ఒకే తీరున నడచువారిని చూచి "ఒక్క మూసలో పోసినట్లున్నారు" అందుము. కష్టములకు ఓర్చి మెరుగెక్కినవానిని "పుటము పెట్టిన బంగారము" అందుము. పాదరసము, మూస, పుటము: ఈ మూడు మాటలును కొలిమి కడ పుట్టి మన నిత్యవ్యవహారమునకు వచ్చినవి. ఆ కొలిమిలో కంసాలికి ఒక పాలు, రసవాదికి ఒక పాలు కలదు.

రసవాది అనగానే ఇత్తడిని బంగారము చేయజూచు వెఱ్ఱివాడని లోకము తలచును. కాని అతనికి ఎదురైన మొదటి చిక్కు బంగారము చేయుట కాదు. చేతనున్న వస్తువును చేజారిపోనీయక నిలుపుకొనుట. పాదరసము అరచేత నిలువదు, పళ్లెరమున నిలువదు, వేడి తగిలినచో కుండలోనైనను నిలువదు. గంధకము మంటయై పోవును. తాళకము పొగయై పోవును. నవాసారము ఆవిరియై పైకెగసి చల్లని చోట మరల గడ్డకట్టును. పోవుటయే స్వభావముగా గల వస్తువులను పోనీయక పట్టియుంచు పాత్ర యేది? ఈ ప్రశ్నకు కథలు ఒక సమాధానము చెప్పినవి, శాస్త్రము మరియొకటి చెప్పినది. రెండింటిని పక్కపక్కన పెట్టి చూచిన, నేటి పాఠశాలకు సైతము పనికివచ్చు విషయమొకటి బయటపడును.

కామారెడ్డి నుండి హైదరాబాదుకు పోవు పెద్దబాటపై భిక్కనూరు కలదు. కావ్యములలో దాని పేరు బిక్కనవోలు. షట్చక్రవర్తి చరిత్రము వ్రాసిన కామినేని మల్లారెడ్డి, పదునారవ శతాబ్దివాడు, ఆ సీమను ఏలిన వంశమువాడు. ఆ యూరి దేవుడు సిద్ధరామేశ్వరుడు. సిద్ధుడను పేరు వినబడిన చోట మన పల్లెలలో రెండు తలపులు వెంటనే కలుగును: ఒకటి చావులేని యోగి, రెండవది బంగారము చేయు రసము. ఈ రెండవ తలపును గూర్చి పెద్దలు చెప్పుకొను కథలలో మిక్కిలి ప్రసిద్ధమైనది రెడ్ల కథయే. కామారెడ్డి, ఎల్లారెడ్డి అను ఊళ్ల పేర్లలో రెడ్డి శబ్దము నిలిచియున్నట్లే, ఆ కథలో వేమ శబ్దము నిలిచియున్నది.

ఆ కథ కొండవీటి రెడ్ల పూర్వులను గూర్చినది; కైఫియతులలోను, జనుల నోళ్లలోను వేరువేరు తీరుల వినబడును. దాని సారమిది. వేముడను వర్తకుడొకడు శ్రీశైలపు కొండలలో సిద్ధరసమును సంపాదించి, తిరుగు దారిలో ఒక రెడ్డి యింట దిగి, ఆ పాత్రను అచ్చట దాచెను. ఇంటిలోని యినుప పనిముట్టు దానికి తగిలి బంగారమయ్యెను. రహస్యము తెలిసిన రెడ్డికి ఆశ పుట్టెను. ఇల్లు అంటుకొనెను; వర్తకుడు ఆ మంటలలో ప్రాణము విడిచెను. చేసిన పాపము వెంటాడగా ఆ వంశమువారు అతని పేరు తమ బిడ్డలకు పెట్టుకొనిరట. ప్రోలయ వేమారెడ్డి, అనవేమారెడ్డి, పెదకోమటి వేమారెడ్డి అని రాజుల పేర్లలో వేమ శబ్దము మరల మరల వచ్చుటకు జనులు చెప్పుకొనిన కారణమిది. ఇది చరిత్ర కాదు. పేరును చూచి అల్లిన కథ కావచ్చును. ఐనను అల్లిక చక్కనిది.

ఈ కథకు గుజరాతు దేశమున ఒక తోబుట్టువు కలదు. 1305 ప్రాంతమున మేరుతుంగాచార్యుడు కూర్చిన ప్రబంధ చింతామణిలో వలభీపురపు రంకుడను వర్తకుని వృత్తాంతము వచ్చును. యాత్రికుడొకడు రైవతక పర్వతమున దొరికిన సిద్ధరసమును సొరకాయ బుర్రలో పోసికొని వచ్చి, ఆ బుర్రను వర్తకుని యింట దాచి తీర్థములకు పోయెను. బుర్ర నుండి జారిన బొట్టొకటి క్రిందనున్న పాత్రపై పడి దానిని బంగారముగా మార్చెను. అచ్చటను ఆశయే పుట్టెను, అచ్చటను ఇల్లే తగులబడెను.

ఈ కథలోని పాత్రను గమనింపవలెను. లోహమును తాకిన చాలు బంగారముగా మార్చు రసమును లోహపాత్రలో పోయరాదు గదా! అందుచే కథకుడు ఎండిన సొరకాయ బుర్రను ఎన్నుకొనెను. పొలమునకు నీరు తీసికొనిపోవుటకు, విత్తనములు దాచుకొనుటకు రైతు వాడుకొను బుర్రయే అది. లోకములోని మహిమ అంతయు రసమునకు పెట్టి, పాత్రను మాత్రము పెరటి పాదు నుండి తెచ్చుకొనుటలో కథకుని లోకజ్ఞత కనబడుచున్నది. నిలువయుంచు పాత్రకు మహిమ అక్కరలేదు. లోని వస్తువుతో కలిసిపోని గుణము చాలును. కథ తెలిసియో తెలియకయో చెప్పిన ఈ మాట రసాయనశాస్త్రమున మొదటి పాఠము.

ఇంక శాస్త్రము మాట. శ్రీశైలమునకు రసవిద్యతో గల సంబంధము కేవలము పుక్కిటి పురాణము కాదు. నిత్యనాథసిద్ధుని రసరత్నాకరము ఆ క్షేత్రపు వింతలను వర్ణించినది. శ్రీశైల మఠము ప్రేరణతో పదునైదవ శతాబ్దిలో గౌరన తొమ్మిదిమంది నాథసిద్ధుల కథలను నవనాథ చరిత్రమను ద్విపద కావ్యముగా తెలుగున వ్రాసెను. అంతకు ఎంతో ముందు, ఏడవ శతాబ్దిలో మన దేశము చూడవచ్చిన చీనా యాత్రికుడు హ్యూన్‌త్సాంగు నాగార్జునుని గూర్చి ఒక కథ విని వ్రాసికొనెను: కొండను తొలిచి విహారము కట్టించుచున్న రాజుకు ధనము చాలకపోగా, నాగార్జునుడు ఔషధరసమును బండలపై చిలికి వానిని బంగారముగా మార్చెనట. శూన్యవాదము బోధించిన నాగార్జునాచార్యుడు వేరు, రసగ్రంథములు ఎవని పేర చెలామణి యగుచున్నవో ఆ సిద్ధ నాగార్జునుడు వేరు అని చరిత్రకారులు పలువురు తలతురు.

ఈ సిద్ధుల సంప్రదాయమును ఒక చోట చేర్చి, వెలితి లేకుండ వివరించిన గ్రంథము రసరత్నసముచ్చయము. అందు పాదరసపు నడకలు అయిదు అని చెప్పబడినది. నీటివలె జారిపోవుట మొదటిది. హంసవలె వడిగా కదలుట రెండవది. మలినముతో కలిసి పోవుట మూడవది. పొగయై లేచిపోవుట నాలుగవది. ఈ నాలుగును కంటికి కనబడునవి. అయిదవది కనబడనిది, దేహము నుండి ప్రాణము పోవునట్లు పోవునది. దానిని జీవగతి అనిరి. తక్కిన నడకలను పాత్రతోను, పనితనముతోను కట్టవచ్చును. అయిదవ నడకను మంత్రముచేతను, ధ్యానముచేతను మాత్రమే ఆపవలెనని ఆ గ్రంథము చెప్పును.

ఈ మాటను మూఢవిశ్వాసమని త్రోసివేయుట సులభము. కాని దాని వెనుక ఎంతటి పరిశీలన యున్నదో చూడుడు. పొగ కనబడలేదు, వాసన రాలేదు, చుక్కయైనను నేల రాలలేదు. ఐనను రసము తరిగినది. కంటికి అందని దారి యొకటి కలదని ఆ పెద్దలు గుర్తించిరి, దానికి పేరు పెట్టిరి, లెక్కలో చేర్చిరి. నేటి శాస్త్రము దానిని పాదరసపు ఆవిరి అనుచున్నది. పాదరసము మరుగుటకు 357 సెంటీగ్రేడు డిగ్రీలు కావలెను; కాని ఆవిరియగుటకు మరుగనక్కరలేదు. గది చల్లదనములోనే, రంగు లేక, వాసన లేక, క్షణక్షణము కొంచెము కొంచెము గాలిలో కలియుచుండును. సిద్ధులు కనిపెట్టినది నిజము. దానికి చెప్పిన మందు మాత్రము తప్పు.

కనబడు నాలుగు నడకలను ఆపుటలో వారు చూపిన నేర్పు ఆశ్చర్యకరము. రెండు కుండలను మూతికి మూతి చేర్చి, సందులేకుండ మన్నుగుడ్డతో చుట్టి, క్రింది కుండకు మంట పెట్టి పై కుండను తడిగుడ్డతో చల్లపరచిన అది డమరుయంత్రము. క్రింద ఆవిరియైన రసము పై కుండ లోపలి గోడకు ముత్యములవలె అంటుకొనును. రెండు కుండలను ఏటవాలు గొట్టముతో కలిపి, ఒకదానిని పొయ్యిపైనను, రెండవదానిని చల్లని నీటిలోను ఉంచిన అది తిర్యక్పాతనయంత్రము. ఈ యంత్రములలో విలువైన లోహము లేదు, మణి లేదు. కుమ్మరి చేసిన కుండ, చెఱువు మన్ను, పాతగుడ్డ: ఇవియే సామగ్రి. మహిమ అంతయు అతుకులో నున్నది.

ఆ గ్రంథములోనే వంకాయ ఆకారపు మూస యొకటి వర్ణింపబడినది. దానికి పండ్రెండంగుళముల గొట్టము, గొట్టపు కొన ఉమ్మెత్త పూవువలె విచ్చుకొని యుండును. ఇది సత్తును, అనగా తుత్తునాగమును, రాయి నుండి తీయుటకు ఉద్దేశింపబడినది. సత్తు 907 డిగ్రీల కడ ఆవిరియగును. ఆ ఆవిరికి గాలి తగిలిన తెల్లని బూడిదయై పోవును. తెరచిన కొలిమిలో అది ఎన్నడును లోహమై చేతికి రాదు. మూసిన మూసలో ఆవిరిని క్రిందికి దింపి చల్లపరచినగాని దొరకదు. 1980 తరువాతి సంవత్సరములలో రాజస్థానమునందలి జావర్ గనుల కడ త్రవ్వకములు జరిపినప్పుడు, వంకాయలవంటి మట్టి మూసలు వరుసలు వరుసలుగా కొలిమిలో అమర్చినవి అమర్చినట్లే బయటపడినవి. గ్రంథము చెప్పినది కల్పన కాదని మట్టియే సాక్ష్యము పలికినది.

రసశాల నిర్మాణములో సైతము ఈ జాగ్రత్త కనబడును. నిప్పు పనులు ఆగ్నేయమున, కడుగుట పడమట, ఆరబెట్టుట వాయవ్యమున, సిద్ధమైన వస్తువులను నిలువయుంచుట ఈశాన్యమున అని రసరత్నసముచ్చయము విభజించినది. నిప్పునకు ఒక మూల, నిలువకు ఒక మూల. విజ్ఞాన ప్రయోగశాలలో బీరువా ఎచ్చట నుండవలెను, దీపము ఎచ్చట నుండవలెను అని నేటి ఉపాధ్యాయుడు ఆలోచించు ఆలోచనయే అది.

కాని పాత్రకు మూత ఎంత ముఖ్యమో, ఆ మూత వేయు వేళ అంతకంటె ముఖ్యము. దీనిని తెలుపునది కూపీపాకము. బసవరాజీయమును చేతబట్టిన ఆంధ్ర వైద్యులు తరతరములుగా ఎరిగిన రససిందూరము ఈ పద్ధతిచేతనే సిద్ధమగును. పాదరసమును, గంధకమును కల్వములో నూరగా కాటుకవంటి నల్లని పొడి యగును. గాజు కుప్పెకు మన్ను పూసిన గుడ్డను ఏడు చుట్లు చుట్టి, ఒక్కొక్క చుట్టును ఎండబెట్టి, అందు మూడవ వంతు మాత్రమే ఈ పొడిని నింపుదురు. కుప్పెను ఇసుక నింపిన కుండలో మెడవరకు పూడ్చి, మొదట సన్నని మంట, పిమ్మట నడిమి మంట, తుదకు తీవ్రమైన మంట పెట్టుదురు. అంతవరకు కుప్పె మూతి తెరచియే యుండును. గంధకపు పొగ వెలువడుచుండును. మూతి కడ నీలిమంట ఆడును. పొగ గడ్డకట్టి మెడను మూసివేయకుండ వైద్యుడు కాల్చిన యినుప కడ్డిని మాటిమాటికి దింపుచుండును. మంట చల్లారి, పొగ ఆగి, కుప్పె అడుగు ఉదయసూర్యునివలె ఎఱ్ఱనై కనబడిన ఘడియలో బిరడా బిగించును. ముందు బిగించిన కుప్పె పగిలి ప్రేలును. ఆలస్యముగా బిగించిన లోని మందు గాలిపాలగును.

ఎల్లారెడ్డికి చేరువనున్న నిజాంసాగరము తలుపుల కడ నిలుచువానికి ఈ విద్య తెలియును. 1931 నాటికి కట్టి ముగించిన ఆ ఆనకట్ట మంజీరను పట్టియుంచిన పాత్రయే. వరద వేళ తలుపులు మూసియుంచరాదు, కరవు వేళ తెరచియుంచరాదు. పట్టియుంచుట యనగా ఎల్లప్పుడును మూసియుంచుట కాదు.

కుప్పె చల్లారిన పిమ్మట మరియొక పని మిగిలియుండును. నడుమునకు నూనెలో తడిపిన దారము చుట్టి ముట్టించి, తడిగుడ్డ వేయగా కుప్పె రెండు చెక్కలుగా పగులును. మెడలో కెంపువలె మెరయుచు అంటుకొనిన సిందూరము అప్పుడు చేతికి వచ్చును. ఇంత శ్రమపడి కాపాడిన పాత్రను తుదకు తానే పగులగొట్టవలెను. లేనిచో లోపలి మందు రోగికి అందదు.

రసవాదులు ఈ నీతిని కుప్పె విషయమున పాటించిరిగాని విద్య విషయమున పాటింపలేదు. రసవిద్యను గుప్తముగా నుంచవలెనని, తగిన శిష్యునికి గురుముఖమున మాత్రమే చెప్పవలెనని గ్రంథములు మాటిమాటికి హెచ్చరించును. మూలికల పేర్లు మారుపేర్లతో నింపిరి. అపాత్రుని చేత పడునను భయము అర్థము చేసికొనదగినదే. కొండవీటి కథ ఆ భయమునకే రూపము. కాని ఫలితమేమైనది? శిష్యుడు దొరకని చోట విద్య గురువుతోనే పోయినది. సత్తును ప్రపంచమున అందరికంటె ముందు పెద్దయెత్తున తీసిన జావర్ కొలుములు ఆరిపోయినవి. ఆ నేర్పు ఊరూర పాకలేదు. మూత బిగించిన కుప్పెను ఎవ్వరును పగులగొట్టలేదు.

ఈ మూఢగర్భమును ఛేదించినవారిలో ముఖ్యులు ఆచార్య ప్రఫుల్లచంద్ర రాయి. కలకత్తాలో 1896లో పాదరసపు నైట్రైటును తయారుచేసి పేరు గాంచిన ఆయనయే, 1902లో హిందూ రసాయనశాస్త్ర చరిత్ర మొదటి సంపుటమును వెలువరించి, వ్రాతప్రతులలో మూలుగుచున్న రసగ్రంథములను లోకము ముందు పరచెను. ప్రయోగశాలలో పాదరసమును పట్టిన చేతియే తాళపత్రములను విప్పుట మన విద్యాచరిత్రలో మరువరాని ఘట్టము.

పాశ్చాత్యులును ఇట్టి దారినే నడచిరి. ఈజిప్టులో మరియ అను యూదు వనిత బట్టీపాత్రలను కల్పించెనని క్రీ.శ. 300 ప్రాంతమున జోసిమస్ వ్రాసెను. గాజుమూతిని కరగించి గాలి చొరకుండ మూయుటకు యూరపులో హెర్మీసు దేవుని పేరు పెట్టిరి. ఆయన రసవాదులకు కులదైవము. తుదకు పాదరసమునకు స్థిరమైన పాత్రగా నిలిచినది ఏది? బంగారము, వెండి, తగరము, సీసము అన్నియు పాదరసములో కరగిపోవును, ఇనుము కరగదు. అందుచే ప్రపంచ వాణిజ్యమున పాదరసము ఇనుప కుప్పెలలో నడచినది. ఒక్కొక్క కుప్పెకు 76 పౌనులు, అనగా సుమారు 34 1/2 కిలోగ్రాములు కొలత. సొరకాయ బుర్ర చెప్పిన సూత్రమే ఇచ్చటను: లోని వస్తువుతో కలిసిపోని గుణము.

మరి అయిదవ నడక మాట యేమి? దానిని మంత్రమునకు వదలిన కాలము గడచినది. కాని దాని హాని గడవలేదు. ఇరువదియైదు డిగ్రీల గదిలో, గాలి కదలనిచో, ఒక్క ఘనపు మీటరు గాలి సుమారు 20 మిల్లీగ్రాముల పాదరసపు ఆవిరిని మోయగలదు. పనివారు దినదినము పీల్చు గాలిలో 0.025 మిల్లీగ్రాములకు మించరాదని వృత్తి ఆరోగ్య నిపుణులు నిర్ణయించిన హద్దు. అది ఇందులో ఎనిమిది వందలవ వంతు మాత్రమే. బంగారమును పాదరసముతో నూరి వెండి నగకు పూసి కాల్చిన పాదరసము పోయి బంగారము నిలుచును. ఆ పోయినది ఎచ్చటికి పోయినది? కొలిమి ముందు కూర్చున్న కంసాలి రొమ్ములోనికి. చేతులు వణకుట, చిగుళ్లు వాచుట, మతి చలించుట ఆ పూతపనికి అతడు చెల్లించిన వెల.

జపానులోని మినమాటలో 1956లో బయటపడిన ఘోరవ్యాధి పాదరసమును లోకమునకు మరియొక రూపమున ఎరిగించెను. సముద్రములో కలిసిన పాదరసము చేపలలో చేరి, చేపల నుండి మనుష్యులలో చేరినది. ఆ యూరి పేరనే 2013లో అంతర్జాతీయ ఒప్పందము కుదిరి 2017లో అమలునకు వచ్చినది. భారతదేశము 2018లో దానిని ఆమోదించినది. పాదరసపు థర్మామీటర్ల తయారీని 2020 నాటికి మాన్పవలెనని అందు గడువు. కొన్ని దేశములు పొడిగింపు పొందినవి. తయారీ తగ్గినను, పాత బీరువాలలోని థర్మామీటర్లు మాత్రము పాత బీరువాలలోనే యున్నవి.

అందుచే ఈ కథ మరల పంతులుగారి బల్ల కడకు వచ్చుచున్నది. జ్వరము చూచు థర్మామీటరులో సుమారు ఒక గ్రాము పాదరసముండును. అది పగిలిన నాడు పిల్లలకు పండుగ. వెండి పూసలను అరచేత దొర్లించుట, నాణెమునకు రుద్ది మెరిపించుట, అగ్గిపెట్టెలో దాచి ఇంటికి తీసికొనిపోవుట ఏ తరమువారు చేయలేదు? ఆ ఆటలో కనబడునవి మొదటి నడకలు. పిల్లల ఊపిరితో కలియునది అయిదవది.

చేయవలసినది కష్టమైన పని కాదు. పిల్లలను వెలుపలికి పంపి, కిటికీలు తెరచి, ఫ్యాను ఆపవలెను. చీపురుతో ఊడ్వరాదు, ఊడ్చిన పూసలు ఇంకను చిన్నవై నేల పగుళ్లలో దాగి ఆవిరి యగుచుండును. వ్రేలి ఉంగరము తీసివేసి, చేతికి తొడుగు వేసికొని, రెండు అట్టముక్కలతో పూసలను ఒక చోటికి చేర్చి, నీరు పోసిన గాజుసీసాలో వేసి గట్టిగా మూత బిగించి, పైన పేరు వ్రాసి, అపాయకరమైన వ్యర్థములను తీసికొను కేంద్రమునకు అప్పగింపవలెను. తూములో పోయరాదు. సిద్ధులు వెదకిన మాయపాత్ర ఇదే: కొంచెము నీరు, గాజుసీసా, బిగువైన మూత, పైన స్పష్టమైన అక్షరములు.

అక్షరములు అనుట ఊరక కాదు. కొండవీటి కథలోని వర్తకుడు పాత్రలో ఏమున్నదో చెప్పక దాచెను, ఇంటివాడు అడుగక కాజేయజూచెను, ఇల్లు కాలెను. ప్రయోగశాలలోని ప్రతి సీసాపైన పేరు వ్రాయించి, అందలి వస్తువు ఏ దారిన పారిపోవునో, ఏ మూత దానిని ఆపునో పిల్లలచేత చెప్పించిన ఉపాధ్యాయుడు ఆ పాత కుప్పెను పగులగొట్టినవాడగును. అందరాని సిందూరము అప్పుడు అందరి చేతికి వచ్చును.